పిన్ని పుట్టించిన మొక్కు

పిల్లలూ, ఇవాళ పాఠం లేదని గేటుకు కాగితం అంటించాను, చూసే ఉంటారు. ఒంట్లో బాగానే ఉంది, కంగారు పడకండి. ఇవాళ నేను మాట్లాడకూడదు, అంతే. ఏడాదిలో ఇలాంటి రోజులు కొన్ని వస్తాయి. "టీచరుగారికి ఏదో నోముంది" అని మీ అమ్మలు అనుకుంటారని నాకు తెలుసు. ఇవాళ నోటికి పని లేదు కనక, మీరు ఎప్పటినుంచో అడుగుతున్న ప్రశ్నకు కాగితం మీద జవాబు చెబుతాను. "మీ గొంతు ఇంత లోతుగా, ఇంత బొంగురుగా ఎలా వచ్చింది టీచర్? మేమూ అలా పాడాలంటే ఏం చెయ్యాలి?" అని కదా మీరడిగేది. ఏమీ చెయ్యకండి. ముందు ఇది చదవండి.

నేను ఉద్యోగం చేసినన్నాళ్లూ జాజ్ పాడాను. పలాసలో ఈ మాట చెబితే, సినిమా పాటలా, భక్తి పాటలా అని అడుగుతారు. రెండూ కావంటే అయ్యో పాపం అన్నట్టు చూస్తారు. మా నాన్న రైల్వేలో ఖలాసీ. పలాస నుంచి ఖరగ్‌పూర్‌కి బదిలీ అయితే అమ్మ నన్ను చంకనేసుకుని వెళ్లింది. అక్కడి క్వార్టర్లలో ఎటు చూసినా మన జిల్లా వాళ్లే. అమ్మది పలాస దగ్గర ఉద్దానంలో, సముద్రం ఒడ్డున చేపలు పట్టే ఊరు. చేతులు ఊరుకోక అక్కడా చేపల గంప ఎత్తింది. ఆమె వాడుక ఇళ్లలో ఒకటి, రిటైరైన ఆంగ్లో ఇండియన్ గార్డుగారిది. వాళ్లింట్లో పియానో ఉండేది. అమ్మ పెరట్లో చేపలు కోసి ఇచ్చేలోపు నేను ఆ పియానో పక్కన చేరేదాన్ని. గార్డుగారి భార్య మొదట నన్ను తరిమింది, తర్వాత బిస్కట్ ఇచ్చింది, ఆ తర్వాత పాట నేర్పింది. పెద్దయ్యాక ఆవిడ పుణ్యమా అని కలకత్తాలో ఒక పెద్ద హోటల్లో పాడే ఉద్యోగం దొరికింది.

జాజ్ అంటే ఏమిటో మీకు చాలాసార్లు చెప్పాను, అయినా మళ్లీ చెబుతాను. ఒక పాట తీసుకుంటాం. మొదట ఉన్నదున్నట్టు పాడతాను. తర్వాత నేను పక్కకు తప్పుకుంటాను. పియానో వాయించే ఆయనా, మిగతా వాయిద్యగాళ్లూ వంతులవారీగా ఆ పాటనే ఎవరికి తోచినట్టు వాళ్లు అల్లుకుంటూ పోతారు. అందరి వంతూ అయ్యాక నేను మళ్లీ అందుకుంటాను. అంటే పాడేవాళ్లకు పాడే పని ఎంతుందో, మైకు ముందు నిలబడి ఊరుకునే పని కూడా అంతుంది. ఈ సంగతి తెలియక ఒకసారి టెక్కలిలో మా బృందాన్ని పిలిపించిన పెళ్లి రిసెప్షన్‌లో పెద్ద తమాషా జరిగింది. పియానో వంతు రాగానే నేను ఆగాను. పాట మరిచిపోయాననుకుని పెళ్లికొడుకు తల్లి స్టేజీ ఎక్కి గ్లాసుడు మంచినీళ్లిచ్చి, "పరవాలేదమ్మా, గురుతున్నకాడినుంచి అందుకో" అని వీపు నిమిరింది. పియానో ఆయన నవ్వు ఆపుకోలేక తాళం తప్పాడు.

ఆ పియానో ఆయన గురించి చెప్పాలి. నాకంటే చాలా పెద్దవాడు, బెంగాలీ. బక్కమనిషి, తిండి దగ్గర పేచీకోరు. హోటల్ వాళ్లు వాయిద్యగాళ్లకు పెట్టే చేపలకూర నీళ్లలా ఉందని మేనేజర్‌తో వారానికో తగువు పెట్టుకునేవాడు. మా ఊరి ఎండు చేపలు తెచ్చి ఇస్తే మటుకు పసిపిల్లాడిలా దాచుకుని తినేవాడు. నన్ను పొగడడం ఆయనకు చేతకాదు. ఆ రోజుల్లో నా గొంతు పైకి, ఇంకా పైకి పోయేది. జనం చప్పట్లు కొట్టేవాళ్లు. ఆ చప్పట్లు నాకు బాగా అలవాటైపోయాయి. వాయిద్యగాళ్ల వంతులో కూడా నేను ఆగకుండా మధ్యలో ఏదో ఒక కూత పెట్టేదాన్ని. ఆయన పియానో మూత వేసి, నీకు దేవుడు నోరిచ్చాడు గానీ చెవులివ్వడం మరిచిపోయాడు అనేవాడు. నేను నవ్వేసి ఊరుకునేదాన్ని. ఆయన చాదస్తం అనుకునేదాన్ని.

అలా చాలా ఏళ్లు పాడాక ఒక ఎండాకాలం గొంతు బొంగురుపోయింది. జలుబనుకున్నాను. మిరియాల పాలు తాగాను, పుక్కిలించాను, ఇంకా గట్టిగా పాడాను. వానాకాలం వచ్చేసరికి పై స్వరాలు అసలు పలకడం మానేశాయి. గొంతులో కాయ కాసిందని, తీసెయ్యాలని డాక్టరు చెప్పాడు. తీసేశారు. తర్వాత కొన్ని వారాల పాటు ఒక్క మాట మాట్లాడకూడదన్నాడు. గుసగుస కూడా పనికిరాదట, అది మాటకంటే చేటట. గొంతు సవరించుకోకూడదు, గట్టిగా దగ్గకూడదు. ఇన్నీ చేశాక పాత గొంతు వస్తుందా అని పలక మీద రాసి అడిగాను. గొంతైతే వస్తుంది, ఎలాంటిది వస్తుందో చెప్పలేను అన్నాడు.

మా హోటల్లో చలికాలమే అసలైన సీజను. ఆ సీజనుకి పాడే మనిషి ఎవరో మేనేజరు ముందుగా ఖాయం చేసుకోవాలి. ఆయన మంచివాడే, కానీ ఆయన చేతిలో అప్పటికే ఇంకో చిన్నపిల్ల సిద్ధంగా ఉంది. డాక్టరు మాట్లాడొచ్చన్న రోజున ఫోన్ చేస్తాను, నాలుగు వరసలు పాడి వినిపించు, బాగుంటే ఉద్యోగం నీదే అన్నాడు. నాకు మొగుడూ పిల్లలూ లేరు. ఆ హోటలే ఇల్లు, నాతో వాయించే ముగ్గురే బంధువులు. ఆ ఫోన్ ఎత్తి పాడకపోతే నేనెవర్నో నాకే తెలియకుండా పోతుందని భయం వేసింది.

కలకత్తాలో ఉంటే ఎవరితోనో ఒకరితో మాట్లాడేస్తానని ఉద్దానంలో పిన్ని దగ్గరికి వచ్చేశాను. అమ్మ పోయాక నాకు మిగిలిన అమ్మ ఆవిడే. పూండి స్టేషన్‌లో దిగి, ఆటోలో జీడితోటలూ కొబ్బరితోటలూ దాటితే ఒడ్డునే వాళ్ల ఊరు. నా ఆలోచన చూడండి, నోరు మూసుకోవడానికి ఊరిలోకెల్లా పెద్ద నోరున్న మనిషి ఇంటికి వెళ్లాను.

దిగిన గంటలో ఊరు ఊరంతా వాకిట్లోకి వచ్చింది. ఎప్పుడొచ్చావు, ఎన్నాళ్లుంటావు, చిక్కిపోయావేం, హోటల్లో ఇంగ్లీషువాళ్లు ఏం తింటారు. పిన్ని డాక్టరు మాట చెప్పింది. అందరూ అయ్యో అన్నారు, అని మళ్లీ అడిగారు. డాక్టర్లు అలాగే చెబుతారు, మెల్లిగా ఒక ముక్క చెబితే ఏం పోతుంది అన్నారు. ఒక ముసలాయన నిమ్మకాయా ఉప్పూ తెచ్చి నోట్లో పెట్టబోయాడు. నేను పలక తీసి రాయబోతే, చదువు రాదు, నోటితో చెప్పమ్మా అంది ఒకావిడ. వాళ్ల ప్రేమకు తట్టుకోలేక నేను నోరు తెరవబోయాను కూడా. పిన్ని చూసింది. పొయ్యి దగ్గరనుంచి గరిటెతో సహా వచ్చి మధ్యలో నిలబడింది.

"డాట్రు మాట కాదర్రా. గంగమ్మకి మొక్కుకున్నాది. మొక్కు తీరీదాకా నోరిప్పదు. ఇప్పించినోలికే ఆ పాపం."

వాకిలంతా టక్కున సద్దుమణిగింది. నిమ్మకాయ ముసలాయన రెండడుగులు వెనక్కి వేసి దండం పెట్టాడు. వేలకు వేలు ఫీజు తీసుకున్న డాక్టరు మాట చెల్లని చోట పిన్ని అబద్ధం చిటికెలో చెల్లింది. అందరూ వెళ్లాక నేను పలక మీద, ఏ మొక్కు అని రాశాను. పిన్నికి అక్షరాలు రావు కానీ నా మొహం చదివింది. ఊరుకోవే, మొక్కంటేనే ఈళ్లు ఇంటారు అని మళ్లీ పొయ్యి దగ్గరికి పోయింది.

ఆ తర్వాత జరిగింది పిన్ని కూడా ఊహించలేదు. మొక్కులో ఉన్న మనిషికి ఏం చెప్పినా బయటికి పోదు కదా. ఒక్కొక్కరే నా దగ్గరికి వచ్చి కూర్చోవడం మొదలుపెట్టారు. అత్త మీద కోడలు, మధ్యాహ్నం ఆ కోడలి మీద అత్త. పిల్లను పలాస జీడిపప్పు ఫ్యాక్టరీకి పంపనా, కాలేజీకి పంపనా అని ఒకావిడ. నేను తలాడించడం తప్ప ఏమీ చెయ్యలేను. వాళ్లకు అదే కావాలి. ఎవరికీ జవాబు అక్కర్లేదు. వెళ్లేటప్పుడు, మంచి మాట సెప్పినావమ్మా అని వెళ్లేవాళ్లు.

నాకు మటుకు అది కొత్త చదువైంది. మాట్లాడే అవకాశం లేనప్పుడు మనిషి చెవి ఎలా తెరుచుకుంటుందో చూశాను. ఎవరైనా కథ చెబుతూ చెబుతూ అసలు సంగతి దగ్గరికి రాగానే ఆగుతారు. ఇసుకలో వేలితో గీత గీస్తారు, కొంగు సర్దుకుంటారు, అటు చూస్తారు. ఆ ఆగిన చోట నేను మాట్లాడగలిగి ఉంటే తప్పకుండా ఏదో ఒకటి అనేసేదాన్ని, ఆ సంగతి ఇక రాకుండా పోయేది. ఊరుకుంటే వచ్చేది. పియానో మూత వేసి ఆయన నన్ను తిట్టింది దీని గురించే అని అక్కడ, ఆ ఇసుకలో కూర్చుని గ్రహించాను.

పిన్ని కూడా ఒకరోజు అలాగే చెప్పింది. ఎండు చేపలు తిరగేస్తూ, నా వైపు చూడకుండా. బాబాయి సముద్రం మీద చేపల వేటకెళ్లి తిరిగి రాలేదని నాకు తెలుసు. ఆ పొద్దున ఏం జరిగిందో ఎవరికీ తెలియదు. ఏదో చిన్న మాట మీద ఇద్దరూ పోట్లాడుకున్నారట. ఆయన వల భుజాన వేసుకుని వెళ్తుంటే, పోతే పో, మల్లీ రాకు అని పిన్ని వెనకనుంచి అరిచిందట. అంతవరకు చెప్పి ఆగింది. చాలాసేపు చేపలు తిరగేసింది. "నోరే నన్ను ముంచీసినాది" అంది చివరికి. అంత వాగుడుకాయ మా పిన్ని, కొడుకు వేటకు బయల్దేరేటప్పుడు మటుకు పెదవి కదపకుండా గుమ్మంలో ఎందుకు నిలబడుతుందో నాకు ఆ రోజు అర్థమైంది. లేచి వెళ్లి ఆవిడ పక్కన కూర్చుని నేనూ చేపలు తిరగేశాను. ఇంకేం చెయ్యను.

ఆ ఊళ్లో ఫోన్ సిగ్నలు ఒక్క చోటే దొరికేది. సరుగుడు తోట దాటితే సముద్రం ఒడ్డున ఒక ఇసుకదిబ్బ ఉంటుంది, దాని మీద. ఆడవాళ్లు బోట్ల కోసం ఎదురుచూసేదీ అక్కడే. ప్రతి ఆదివారం మధ్యాహ్నం నేను దిబ్బ ఎక్కేదాన్ని. కలకత్తా నుంచి పియానో ఆయన ఫోన్ చేసేవాడు. హలో అనేవాడు కాదు. ఫోన్ పియానో మీద పెట్టి ఒక పాట వాయించి, అయిపోగానే పెట్టేసేవాడు. నేను వింటున్నానో లేదో ఆయనకెలా తెలిసేదంటే, నా ఊపిరి వినిపించేదట. దిబ్బ మీది ఆడవాళ్లకు ఇది పెద్ద వింత. మాటాడకుండా ఎవులితో మాటాడుతున్నావు అని అడిగేవాళ్లు. ఒకామె చెవి పెట్టి విని, ఎవులో పెద్దాయన బాధ పడుతున్నాడే అని తీర్పు చెప్పింది.

కార్తీకమాసం చివర విశాఖపట్నంలో డాక్టరుకు చూపించుకున్నాను. గాయం మానింది, శుక్రవారం నుంచి మెల్లిగా మొదలుపెట్టవచ్చన్నాడు. కలకత్తాకు ఆ సంగతి మెసేజీ పెట్టాను. శుక్రవారం పొద్దున పది గంటలకు చేస్తానని మేనేజరు జవాబిచ్చాడు. చిన్నపిల్లలా ఆ రోజు కోసం ఎదురుచూశాను.

గురువారం తెల్లారకముందే బోట్లు వేటకు పోయాయి. పిన్ని కొడుకు, నా తమ్ముడు, ఇంకో ముగ్గురితో కలిసి వెళ్లాడు. మధ్యాహ్నానికి గాలి తిరిగింది. సాయంత్రానికి ఒక్కో బోటే ఒడ్డుకు కొట్టుకొచ్చింది, ఎవరికీ ప్రాణాపాయం లేదు. తమ్ముడి బోటు మటుకు రాలేదు. ఇంజన్ ఆగిపోయి కొట్టుకుపోవడం చూశామని పక్క బోటు వాళ్లు చెప్పారు. ఆ రాత్రి ఎవరూ పడుకోలేదు. ఎవరికెవరు ఫోన్ చేసినా, ఎక్కడా కనపడలేదన్న మాటే.

శుక్రవారం పొద్దున నేను దిబ్బ ఎక్కేసరికి ఊళ్లో ఆడవాళ్లందరూ అక్కడే ఉన్నారు. అందరి కళ్లూ సముద్రం మీదే. గాలి తగ్గింది కానీ నీళ్లు ఇంకా మట్టి రంగులోనే ఉన్నాయి. నన్ను చూసి దారిచ్చారు. ఒకామె నా కాళ్లు ముట్టుకుంది. ఏదో తేడాగా ఉందని అప్పుడే అనిపించింది. మొక్కులో ఉన్న మనిషి నోరిప్పకుండా ఉంటేనే గంగమ్మ బోటును ఒడ్డుకు చేరుస్తుందని రాత్రికి రాత్రే ఊరంతా అనుకున్నారు. నా మౌనానికి అంత బలం ఉందని అప్పటిదాకా నాకెవరూ చెప్పలేదు.

పదవుతోంది. నేను ఒక తోవ ఆలోచించాను. దిబ్బ వెనక చివర, సరుగుడు చెట్ల వైపు దిగుతూ ఒక మూల ఉంది. అక్కడా కాస్త సిగ్నలు తగులుతుంది. అలల హోరులో నాలుగు వరసలు మెల్లిగా పాడితే ఎవరికీ వినపడదు. గాలి నా మాట వినదని, నా నోటికీ ఆ బోటుకూ సంబంధం లేదని నాకు తెలుసు. ఉద్యోగమూ ఉంటుంది, తమ్ముడు రావాల్సి ఉంటే వస్తాడు. ఫోన్ గుప్పిట్లో పట్టుకుని అటు నడిచాను. వెనక ఇసుకలో ఎవరో వస్తున్నారని తెలిసి తిరిగి చూస్తే, పిన్ని.

ఆవిడకు ఆ ఫోన్ సంగతి తెలుసు, మేనేజరు మెసేజీ తమ్ముడే చదివి చెప్పాడు. కలకత్తా ప్రయాణానికి నా బట్టలు ముందే ఇస్త్రీ చేయించి, ఉద్యోగం నిలబడితే తలనీలాలిస్తానని కూడా అంది. నా ముందుకొచ్చి నిలబడింది. రాత్రంతా ఏడ్చిన మొహం.

"ఆ మొక్కు నాను పుట్టించిందే. నాకు తెల్దేటి," అంది. "అయినా గానీ, గుంటడు ఒడ్డెక్కీదాకా నోరిప్పకే. నీకు దండం పెడతాను."

అప్పుడే చేతిలో ఫోన్ మోగింది.

పిన్ని దాన్ని లాక్కోలేదు. ఎత్తొద్దని కూడా అనలేదు. అలా చూస్తూ నిలబడింది. తన అబద్ధాన్ని తనే నమ్మేంత దూరం వచ్చేసింది ఆ మనిషి. ఒకసారి నోరు జారి మొగుణ్ణి పోగొట్టుకున్నాననుకుంటున్న మనిషికి, నోరు మూస్తే కొడుకు వస్తాడన్న ఆశ ఒక్కటే మిగిలింది. ఆ నోరు నాది. నేను పాడి, ఆ బోటు రాకపోతే, ఆవిడ నన్ను ఒక్క మాట కూడా అనదు. అదే భయం వేసింది నాకు. ఇక జీవితంలో ఏ పాట మొదలుపెట్టినా ఆ మొహమే కనిపిస్తుంది.

ఫోన్ మోగి మోగి ఆగింది. మళ్లీ మోగింది. మళ్లీ ఆగింది. మూడోసారి మోగుతున్నప్పుడు పిన్ని నా చెయ్యి, ఫోన్‌తో సహా, రెండు చేతుల మధ్య పెట్టి పట్టుకుంది. అది వణుకుతూ మా చేతుల్లోనే ఆగిపోయింది. కాసేపటికి మెసేజీ వచ్చింది. తొందరగా కోలుకోవాలని కోరుకుంటున్నాం, ఈ సీజనుకి వేరే ఏర్పాటు చేసుకుంటున్నాం అని చాలా మర్యాదగా రాశాడు మేనేజరు. నాకు కళ్లలో నీళ్లు ఆగలేదు. ఆడవాళ్లు నన్ను దిబ్బ మీద కూర్చోబెట్టి, తమ్ముడు వచ్చీత్తాడమ్మా అని ఓదార్చారు. నేను ఏడ్చింది ఉద్యోగానికి. కాసేపయ్యాక దేనికి ఏడుస్తున్నానో నాకే తెలియలేదు. శబ్దం రాకుండా ఏడవడం ఎంత కష్టమో ఆ రోజే తెలిసింది.

ఎండ ఎక్కింది. ఎవరూ కదల్లేదు. దూరంగా నల్లగా ఏది కనిపించినా అందరూ లేచి, అల అని తెలిశాక మళ్లీ కూర్చునేవాళ్లు. అలా అందరం సముద్రం వైపు మొహాలు పెట్టుకుని ఉండగా, వెనక సరుగుడు తోట పక్కన ఒక ఆటో వచ్చి ఆగింది. ఎవరూ తిరిగి చూడలేదు. ఆటో ఆ వేళ ఎవరిక్కావాలి.

"ఏటమ్మా, అందరూ అటేపు సూత్తన్నారు?"

తమ్ముడి గొంతు. ఒంటి మీద ఎవరిదో వదులు చొక్కా, కట్టుకున్నది ఎవరిదో లుంగీ. వెనక మిగతా ముగ్గురూ. గాలి వాళ్లను ఉత్తరంగా నెట్టేసిందట. సోంపేట వైపు ఒక ఊరి వాళ్లు చూసి, తాడు కట్టి ఒడ్డుకు లాగారట. ఫోన్లు తడిసి పాడైపోయాయి, నంబర్లు ఎవరికీ గుర్తులేవు. ఆ ఊరి వాళ్లు చల్దన్నం పెట్టి, బట్టలిచ్చి, ఆటో ఎక్కించారు. సముద్రంలోకి పోయిన మనుషులు రోడ్డు మీద తిరిగొస్తారని మాలో ఎవరికి తట్టింది. పిన్ని వెళ్లి ముందు కొడుకు వీపు మీద ఒకటి వేసింది. ఆ తర్వాత వాణ్ణి పట్టుకుని ఏడ్చింది. వదలమ్మా, ఊపిరాడ్డం లేదు అని వాడు.

కాస్త తేరుకున్నాక అందరూ నా వైపు తిరిగారు. మొక్కు తీరింది కదా, గంగమ్మ పేరు చెప్పి నోరిప్పమన్నారు. ఒకామె ఇంటికి పరిగెత్తి కొబ్బరికాయ తెచ్చింది. తమ్ముడు ఏమీ తెలియక, ఇదేటి, ఇంతమంది అక్కని సూత్తన్నారేటి అంటున్నాడు. అన్ని వారాల తర్వాత, వచ్చేది ఏ గొంతో తెలియదు. గంగమ్మా అందామనుకుని నోరు తెరిచాను. ఎదురుగా పిన్ని కనిపించింది.

"పిన్నీ," అన్నాను.

నా వెనక ఎవరో మగమనిషి మాట్లాడాడనుకుని ఇద్దరు తిరిగి చూశారు. అంత కిందినుంచి వచ్చింది ఆ మాట. గరుకుగా, బరువుగా, నాది కాని గొంతు. చప్పట్లు కొట్టించుకున్న ఆ పాత గొంతు ఇక లేదని ఆ ఒక్క మాటతోనే తెలిసిపోయింది. పిన్ని కళ్లు తుడుచుకుంటూ, "ఎవులిదే ఆ గొంతు, ఎక్కడెత్తుకొచ్చినావు" అంది. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆ నవ్వు కూడా కొత్తగానే ఉంది.

ఆదివారం పియానో ఆయన ఫోన్ చేశాడు. ఈసారి నేనే ముందు హలో అన్నాను. ఎవరు మాట్లాడుతున్నారు అన్నాడు. నేనే అన్నాను. ఇంకోసారి చెప్పు అన్నాడు. చెప్పాను. ఆయన ఫోన్ పియానో మీద పెట్టి, మేం రోజూ పాడే పాటనే ఎత్తుకున్నాడు. కానీ బాగా కింద, నేను ఎన్నడూ పాడని శ్రుతిలో. నా గొంతు ఎక్కడుందో రెండు మాటల్లోనే పట్టేశాడు ఆ ముసలాయన. దిబ్బ మీద నిలబడి మెల్లిగా పాడాను. మధ్యలో ఆయన వంతు వచ్చినప్పుడు ఊరుకున్నాను, నిజంగా ఊరుకున్నాను. పాట అయ్యాక ఆయన, దేవుడు చెవులు కూడా పంపినట్టున్నాడే అన్నాడు. నాకు తెలిసినంతలో ఆయన నన్ను పొగిడింది ఆ ఒక్కసారే.

ఆ చలికాలం మధ్యలోనే ఆయన ఆ హోటల్ మానేశాడు. నా కోసమే మానేశాడని కొందరంటారు. చేపలకూర కోసమని ఆయన అనేవాడు. ఇద్దరం కలిసి ఒక చిన్న రెస్టారెంటులో చేరాం. అక్కడ గాజుదీపాలు లేవు, పెద్ద జీతమూ లేదు, కానీ వచ్చినవాళ్లు చెంచాలు కింద పెట్టి వినేవాళ్లు. నేను పాట మొదలుపెట్టే ముందు కాసేపు కదలకుండా నిలబడతానని, అదొక పద్ధతి అని పత్రికలో ఎవరో రాశారు. పద్ధతీ లేదు, పాడూ లేదు. ఆ కాసేపట్లో నా గుప్పిట్లో ఫోన్ మోగి ఆగుతుంది, అందరూ సముద్రం వైపు చూస్తుంటారు, వెనకనుంచి ఒక ఆటో వస్తుంది. అది వచ్చాక నేను పాట మొదలుపెడతాను. ఆయన ఉన్నంతకాలం ఆయనతోనే పాడాను. ఆయన పోయాక పలాస వచ్చేశాను, మీరు తగులుకున్నారు.

ఒకసారి తమ్ముడు తన ఫోన్‌లో నా పాట పెట్టి పిన్నికి వినిపించాడు. ఆవిడ చెయ్యి గడ్డం కింద పెట్టుకుని ఆసాంతం విన్నది. ఎలా ఉందని అడిగాను. "పాట బాగున్నాదే," అంది. "మరేటంటే, నువ్వు ఊరుకున్నప్పుడే మాకు కలిసొచ్చినాది."

అందుకే పిల్లలూ, తమ్ముడు బోటెక్కి, గాలి తేడాగా వీచిన రోజున పిన్ని నాకు ఫోన్ చేస్తుంది. నేను ఎత్తుతాను, హలో అనను. గుంటడు ఎల్నాడు అంటుంది, పెట్టేస్తుంది. అంతే, మళ్లీ ఆవిడ ఫోన్ వచ్చేదాకా నేను నోరిప్పను. ఇది నమ్ముతావా అని మీరడిగితే, నమ్మను. బోటును లాగేవి ఇంజనూ తాడూ పక్క ఊరి మనుషులూ అని నాకు తెలుసు. కానీ ఒడ్డున కూర్చుని కొడుకు కోసం చూసే మనిషికి నేను చెయ్యగలిగిన పని ఇదొక్కటే ఉన్నప్పుడు, నమ్మకం లేదని మానేస్తానా. పాడడం చాలామందికి వచ్చు. మీ గొంతు ఎలా ఉండాలో నేను చెప్పలేను. ఎవరి కోసం ఊరుకోవాలో తెలుసుకోండి, మిగతాది అదే వస్తుంది.

నిన్న సాయంత్రం ఆ ఫోన్ వచ్చింది. రాత్రి పలాసలో కూడా కొబ్బరాకులు గట్టిగానే కొట్టుకున్నాయి. పొద్దున లేచి గేటుకు కాగితం అంటించి ఇది రాయడానికి కూర్చున్నాను. మధ్యలో పాలవాడు ఏదో అడిగితే తలాడించాను. మీలో ఇద్దరు గేటు దాకా వచ్చి కాగితం చదివి వెళ్లడం కిటికీలోంచి చూశాను, పిలవలేదు. పక్కన ఫోన్ పెట్టుకుని రాస్తున్నాను.

ఇక్కడిదాకా వచ్చేసరికి మోగింది. ఎత్తి, ఊరుకున్నాను. అవతల గాలి హోరు, ఆడవాళ్ల మాటలు, ఎవరో నవ్వుతున్నారు. పిన్ని కూడా కాసేపు ఏమీ అనలేదు. నా ఊపిరి వింటోందేమో.

"వొచ్చీసినారు," అంది. "ఇంక మాటాడుకో."

"పిన్నీ," అన్నాను.